టీవీ అందించిన పాట

మా సంఘం సెక్రటరీ అబ్రాహాము సారు సికింద్రాబాద్‌లో మేనల్లుడి పెళ్ళికి వెళ్ళొచ్చిన రోజు నుంచి ఎల్లారెడ్డిలో మా ఎవరికీ మనశ్శాంతి లేకుండా పోయింది. అక్కడి చర్చిలో పాట మాటలు గోడ మీద పడ్డాయట. ఒక్కరి చేతిలో పుస్తకం లేదట, అందరూ తలలెత్తి పాడారట. ఒకసారి చెప్పి ఊరుకుంటే ఆయన హెడ్మాస్టర్‌గా రిటైరై ఏం లాభం? గడప గడపకూ వచ్చి పాఠం చెప్పినట్టు చెప్పాడు.

"కామారెడ్డోళ్ళు గూడ ఇంక తేలేదు. క్రిస్మస్‌కు మనమే ముందుగాల తేవాలె," అన్నాడు.

అది తొంభై ఎనిమిదో సంవత్సరం. మా చర్చికి అప్పటికి ఒక పక్క కిటికీలకు తలుపులు లేవు. వాన వస్తే ఆడవాళ్ళ వైపు గొడుగులు తెరుచుకుంటాయి, ప్రసంగం మాత్రం ఆగదు. అయినా సరే, సంఘానికి ముందు కావలసింది తెర మీద పాటే అని కమిటీ తీర్మానం చేసింది. తీర్మానం చేసిన వాళ్ళందరూ మగవాళ్ళ వైపు, తలుపులున్న కిటికీల దగ్గర కూర్చునేవాళ్ళే.

ఇక్కడ మా బాపు సంగతి చెప్పాలి. మా బాపు మైసన్న నిజాంసాగర్ కాలువ మీద తూములు చూసుకునే లష్కర్. తూము ఎత్తమంటే ఎత్తాలి, దించమంటే దించాలి. నీళ్ళు వదిలితే దిగువ రైతు తిడతాడు, ఆపితే ఎగువ రైతు తిడతాడు, ఏం చేసినా ఇంజనీరు తిడతాడు. ఇంటికొస్తే ఆయన భార్య, మా అవ్వ మరియ ఉండనే ఉంది. వారమంతా అందరి మాటా పడే మనిషికి ఆదివారం ఒక్కటి మిగిలింది. ఆ రోజు చర్చిలో ప్రసంగం చెప్పే పుల్పిట్ పక్కన నిలబడి ఆయన పాట అందిస్తాడు.

అందించడం అంటే, ముందు ఆయన ఒక ముక్కను రాగం లేకుండా వట్టి మాటగా గట్టిగా చెబుతాడు. అది విని సంఘమంతా రాగం తీస్తుంది. అయ్యాక తర్వాతి ముక్క. మా తాతల్లో ఎవరికీ అక్షరం రాని రోజుల్లో మొదలైన పద్ధతి ఇది. అక్షరాలు వచ్చాక కూడా పోలేదు. పుస్తకం చేతిలో ఉండి, ముక్క కళ్ళ ముందు కనబడుతున్నా సరే, అందించేదాకా మా వాళ్ళు పెదవి కదపరు. కదిపితే మా బాపు ఊరుకోడు.

"ఎవడ్రా ముందుగాల ఉరికేది? నేను అందిచ్చిన్నా?" అని పాట ఆపి అడిగేవాడు. ఒకసారి జిల్లా నుంచి వచ్చిన పెద్ద పాస్టరు, మా పెద్దయ్యగారే ఉత్సాహం ఆపుకోలేక ముందు ఎత్తుకుంటే ఆయన వైపు కూడా అలాగే చూశాడు. పెద్దయ్యగారు నోరు మూసుకున్నారు.

అలాగని మా బాపు గొప్ప గాయకుడేం కాదు. మూడో చరణం రెండో దానికి ముందు అందిస్తాడు, అదేంటని అడిగితే "నాకు ఇట్లనే అచ్చింది" అంటాడు. తనకు నచ్చిన ముక్కను మళ్ళీ మళ్ళీ అందించి, పిల్లలు ఆకలికి ఏడ్చేదాకా వదలడు. అయినా నేను పుట్టకముందు నుంచీ ఆ చోటు ఆయనది. ఆయన ఒక మాటంటే వందమంది ఆ మాట తిరిగి అనే చోటు ఈ లోకంలో అదొక్కటే ఉంది. ఇప్పుడు సెక్రటరీ సారు కన్ను సరిగ్గా దాని మీదే పడింది.

ఇందులో నా పాత్ర ఏమిటంటే, ఆ పని చేసింది నేనే. కామారెడ్డిలో సలీమన్న డీటీపీ షాపులో నేను కంప్యూటర్ మీద తెలుగు కొట్టేదాన్ని. రోజూ ఎల్లారెడ్డి నుంచి బస్సులో పోయి రావడం. పెళ్ళి పత్రికలు, దర్గా ఉర్సు పోస్టర్లు, ఇల్లు కిరాయికి గలదు అనే కాగితాలు, అదీ మా వ్యాపారం. సలీమన్న దుబాయ్ నుంచి వస్తూ కంప్యూటర్‌లో ఉన్నది టీవీలో చూపించే డబ్బా ఒకటి తెచ్చుకున్నాడు. అది దేనికి పనికొస్తుందో తెలియక అటక మీద పెట్టాడు. అబ్రాహాము సారు మెట్లెక్కి వచ్చి తన కోరిక చెప్పగానే సలీమన్న ముఖం వెలిగిపోయింది.

"మీ ఊరి పనే గదా చెల్లె, నువ్వే చెయ్యి," అన్నాడు నాతో.

చెయ్యనని అనవచ్చు. అనలేదు. ఒకటి, అది నా ఉద్యోగం. రెండు, ఎప్పుడూ వధూవరుల పేర్లే కొట్టి కొట్టి నాకు విసుగెత్తింది. తెర మీద అక్షరాలు కదిలించడం అంటే సరదాగానే అనిపించింది. ఆ సరదా మధ్యాహ్నం దాకా ఉంది.

పాట పాతది, మా వైపే ఎవరో బోధకుడు కట్టింది. 'చీకటి గడపలో దీపమై వచ్చితివి, చిన్న మా పాకలో చోటడిగి నిల్చితివి' అని మొదలవుతుంది. నేను ముక్క ముక్కగా తెరకొకటి చొప్పున నల్లటి అక్షరాలతో శుభ్రంగా పెట్టాను. సారు కళ్ళజోడు సవరించుకుని చూశాడు.

"గిదేందమ్మా, గిట్ల సావు కబురు లెక్కున్నది? రంగుల్లేవా?"

నీలం మీద పసుపు పెట్టాను. పసుపు చుట్టూ ఎరుపు గీత పెట్టమన్నాడు. ఎరుపు వెనక నీడ పడాలన్నాడు. అక్షరాలు ఊరికే కనబడితే లాభం లేదు, ఎగురుకుంటూ రావాలన్నాడు.

"ఏ దిక్కుకెల్లి రావాలె సారు?"

"అన్ని దిక్కులకెల్లి."

సలీమన్న పక్కన చేరి ఇంకొంచెం ఎగదోశాడు. "గులాబీ పూల బార్డర్ ఉన్నది సారు. మొన్ననే ఒక వలీమా దావత్ పెళ్ళి కార్డుకు ఏసిన. మస్తు కళ అస్తది." సారుకు గులాబీలు నచ్చాయి. పైనుండే జంట ఉంగరాలు తీసేయడానికి నేను చాలాసేపు బతిమాలవలసి వచ్చింది.

అందరికంటే పెద్ద తగాదా పేరు దగ్గర వచ్చింది. ప్రతి ముక్క కింద 'సమర్పణ: అబ్రాహాము, రిటైర్డ్ హెడ్మాస్టర్' అని ఉండాలట.

"సారు, పాట కన్న పేరే పెద్దగైతున్నది," అన్నాను.

"పాటను తగ్గియ్యి మరి," అన్నాడు. నవ్వలేదు. నిజంగానే అన్నాడు.

చివరికి పేరు మొదట్లో ఒకసారి, ఆఖరున ఆమెన్ తర్వాత ఒకసారి అని ఒప్పందానికి వచ్చాం. తర్వాత, ముక్క ముక్కకూ మీట నొక్కేది ఎవరు అన్న ప్రశ్న వచ్చింది. నేను కూర్చుంటానన్నాను.

"ఆడపిల్లవు, పుల్పిట్ పక్కన కూసుంటే మంచిగుంటదా? దానంతటదే మారేటట్టు పెట్టు."

దానంతట అది మారాలంటే ఒక్కో ముక్కకు ఎంతసేపో తెలియాలి. సారు లేచి, కోటు గుండీలు పెట్టుకుని, పెళ్ళి పత్రికల కోసం వచ్చినవాళ్ళ ముందే పాట మొత్తం పాడాడు. సలీమన్న గడియారం చూసి చెబుతుంటే నేను రాసుకున్నాను. సారుకు ఎల్లారెడ్డి బస్సు వెళ్ళిపోతుందన్న బెంగ ఒకటి. మా బాపు అరగంట లాగే పాటను, వచ్చిన వాళ్ళు చాయ్ తాగి గ్లాసు కింద పెట్టే లోపల ముగించాడు. కంప్యూటర్ ఆన్ చేస్తే చాలు, వేరే మీట ముట్టకుండా పాట దానికదే తెరుచుకునేలా సలీమన్న ఏర్పాటు చేశాడు. సారు మీటలు ముట్టుకుంటే ఏమవుతుందో ఆయనకు అప్పటికే అర్థమైంది.

వెళ్ళబోతుంటే నేనే అడిగాను. "సారు, మా బాపు అందిస్తనే ఉంటడు గద. టీవీ పక్కకు పెడదాం."

"రెండెందుకమ్మా? మీ బాపు నిలవడే జాగలనే టీవీ పెడ్తున్నం. కరెంటు ప్లగ్గు ఆడనే ఉన్నది," అన్నాడు. ఆయన గొంతులో కక్ష ఏమీ లేదు. మా బాపు మొత్తం బతుకు ఒక ప్లగ్గు దగ్గరికి వచ్చి ఆగిందని ఆయనకు తట్టనైనా తట్టలేదు. నాకు ఒళ్ళు మండింది, కానీ పాట అప్పటికే తయారైంది.

ఆ సాయంత్రం ఇంట్లో బాపు కాలువ నుంచి వచ్చి కాళ్ళు కడుక్కుంటున్నాడు. ఊరంతా తెలిసిన సంగతి ఆయనకు తెలియకుండా ఉంటుందా?

"టీవీ పాట అందిస్తదా బిడ్డా? దానికి నోరున్నదా?"

"అక్షరాలుంటయ్ బాపు. చూసి పాడుకుంటరు."

"అక్షరాలు రానోళ్ళో?"

"వచ్చినోళ్ళ ఎనుక పాడుతరు."

ఆయన చెంబులో మిగిలిన నీళ్ళు గుమ్మం ముందు ఒంపేశాడు. "నేను నిలవడే జాగల పెడ్తున్రట," అన్నాడు. మా అవ్వ లోపలి నుంచి, "పోనియ్యి, ఈ ఏడన్న క్రిస్మస్ అన్నం పొద్దుగూకకముందు తింటం," అంది. బాపు ఆ రోజు అన్నం సగంలో వదిలేశాడు. నాకు జాలి వేసింది, జాలి వేసినందుకు కోపం కూడా వచ్చింది. ఒక మనిషి పట్టుకు వేలాడడానికి ఇంకేమీ లేకుండా అట్లా ఎలా బతుకుతాడు?

క్రిస్మస్ పొద్దున సలీమన్న జీపులో కంప్యూటర్ వచ్చింది, దుప్పట్లో చుట్టుకుని, మెత్త మీద కూర్చుని. అబ్రాహాము సారు ఇంటి కలర్ టీవీ కూడా వచ్చింది, దాని మీద సారు భార్య కుట్టిన లేసు గుడ్డతో సహా. టీవీ ఎత్తుగా ఉండాలని బల్ల మీద స్టూలు, స్టూలు మీద టీవీ పెట్టారు. బాపును పక్కన కుర్చీలో కూర్చోబెట్టారు.

"ఇయ్యాల నీకు రెస్టు మైసన్నా. నువ్వు నోరు తెరవొద్దు, తెరిస్తే లెక్క తప్పుతది," అన్నాడు సారు. బాపు తెల్లటి కండువా మెడ చుట్టూ సరిచేసుకుని, చేతులు కట్టుకుని కూర్చున్నాడు. నన్ను ఆడవాళ్ళ వైపు పంపించారు. జిల్లా పెద్దయ్యగారిని ఆహ్వానించడానికి సారు గుమ్మం దగ్గర నిలబడ్డాడు. ముందు వరుసలో భూమక్క కూర్చుంది. సంఘంలో అందరికంటే పెద్దామె, చూపు ఆనదు, అయినా టీవీ అనగానే ముందుకొచ్చింది.

సలీమన్న ఆన్ చేసి బయటికి వెళ్ళాడు. ముందు సారు పేరు ఎగురుతూ వచ్చింది. జనం "అబ్బో" అన్నారు. తర్వాత గులాబీల మధ్యకు మొదటి ముక్క వచ్చింది. అక్షరం పై నుంచి, అక్షరం కింది నుంచి, అక్షరం పక్క నుంచి వచ్చి అతుక్కున్నాయి. అందరూ లేచి నిలబడ్డారు. అందరూ తలలెత్తారు, సికింద్రాబాద్‌లో లాగానే. చదువు వచ్చినవాళ్ళు కళ్ళతో చదువుకున్నారు.

ఎవరూ పాడలేదు.

డోలక్ వాయించే మా చిన్నాన్న రెండు చేతులూ గాలిలో ఎత్తి ఉంచాడు. సంఘమంతా ఊపిరి బిగబట్టి చూస్తోంది, ఎవరైనా అందిస్తే పాడదామని. ముక్క మారింది. రెండో ముక్క వచ్చింది. దాన్ని కూడా చదువుకుని, అందించడం కోసం అంతే మర్యాదగా ఎదురుచూశారు. మూడోది వచ్చింది. టీవీ మాత్రం ఎవరి కోసమూ ఆగలేదు, సారు బస్సు వేగంతో ముందుకు పోతూనే ఉంది.

గుమ్మం దగ్గర సారు ముఖం మాడిపోయింది. పాడండి అని రెండు చేతులూ ఆడించాడు. వెనక వరుసలవాళ్ళు కూర్చోమంటున్నాడనుకుని కూర్చున్నారు. వాళ్ళను చూసి ముందువాళ్ళూ కూర్చున్నారు. పెద్దయ్యగారు సరిగ్గా అప్పుడే లోపలికి వచ్చి, అందరూ మౌన ప్రార్థనలో ఉన్నారనుకుని కళ్ళు మూసుకున్నారు. చరణాలన్నీ అయిపోయి తెర మీద పెద్దగా ఆమెన్ అని వచ్చింది.

"ఏమొచ్చింది బిడ్డా?" అని భూమక్క పక్కామెను అడిగింది. ఆమె చెప్పింది. "ఆమెన్," అంది భూమక్క గట్టిగా. ఎవరో ఒకరు అందించారు కదా, సంఘమంతా "ఆమెన్" అంది. దాని తర్వాత గులాబీల్లో సారు పేరు వచ్చింది.

నేను కొంగు నోట్లో కుక్కుకున్నాను. నవ్వు ఆపుకోలేక కడుపు నొప్పి పుట్టింది.

అబ్రాహాము సారు ముందుకు నడిచి వచ్చాడు. చెమట తుడుచుకుని, "మైసన్నా, జర అందియ్యి," అన్నాడు, పక్కవాళ్ళకు వినబడకుండా. మా బాపు కదలలేదు. "నోరు తెరవొద్దన్నరు గద సారు, లెక్క తప్పుతదేమో," అన్నాడు, అందరికీ వినబడేట్టు. సారు ఇంకోసారి అడిగాడు. అప్పుడు బాపు లేచి, టీవీ మీది లేసు గుడ్డ తీసి సారు చేతిలో పెట్టి, గొంతు సవరించుకున్నాడు. ఆ రోజు ఆయన మూడో చరణాన్ని రెండో దానికి ముందే కాదు, వెనక కూడా అందించాడు. మేం అన్నం తినేసరికి పొద్దుగూకింది.

ఇక్కడితో ఆగితే ఎంత బాగుండేది. కానీ టీవీ తెచ్చామని ఊరంతా చాటిన సంఘం ఇప్పుడు దాన్ని ఏ ముఖంతో తీసేస్తుంది? సలీమన్న కూడా ఇదే అదనని ఒక పాత కంప్యూటర్‌ను టీవీకి కలిపే డబ్బాతో సహా మా సంఘానికి అంటగట్టాడు. కమిటీ మళ్ళీ కూర్చుని సారుకూ మా బాపుకూ మర్యాద దక్కేలా తీర్పు చెప్పింది. టీవీ ఉంటుంది. మైసన్న దాని పక్కన నిలబడి, అందులో వచ్చేది చూసి అందిస్తాడు. ఆయన చెప్పినప్పుడల్లా నేను మీట నొక్కాలి. ఆడపిల్ల పుల్పిట్ పక్కన కూర్చుంటే ఇప్పుడు అందరికీ మంచిగానే ఉంది.

బాపు ఒప్పుకోడనుకున్నాను. ఆయన సంబరం చూస్తే ఆడపిల్లోళ్ళ ఇంటికి పెళ్ళిచూపులకు వచ్చినవాడి సంబరం. మొదటివారం, "అక్షరాలు పెద్దగ చెయ్యి బిడ్డా," అన్నాడు. రెండోవారం పసుపు వద్దు, ఆకుపచ్చ కావాలన్నాడు. తర్వాత మెల్లగా అసలు సంగతికి వచ్చాడు.

"సారు పేరున్నది గద. నా పేరు గూడ పెట్టరాదు?"

"నువ్వు ఆడనే నిలవడుతున్నవ్ గదా బాపు. అందరికి కనవడుతనే ఉన్నవ్."

"నేను కనవడుడు ఏరు, పేరు కనవడుడు ఏరు."

పెట్టాను. 'పాట అందించువారు: శ్రీ మైసన్న గారు'. అన్ని దిక్కుల నుంచీ ఎగురుకుంటూ, గులాబీల్లో. సారు పేరు కన్నా ఒక పిసరు పెద్దగా ఉండాలంటే అదీ చేశాను. ఇక మా ఆదివారాలు చక్కగా నడిచాయి. చరణాలు వరుసలో వచ్చాయి, పిల్లలు ఏడవకముందే పాటలు ముగిశాయి, మా అవ్వ ఎంతో సంతోషించింది. బాపు జనం వైపు చూడడం మానేశాడు. టీవీ వైపు తిరిగి, కళ్ళు చికిలించి, అందులో ఏముంటే అది చెప్పేవాడు. కాలువ గట్టు మీద నడుస్తూ కూనిరాగం తీసే మనిషి, అది కూడా ఎప్పుడు మానేశాడో నేను గమనించలేదు.

ఎండాకాలంలో ఒక ఆదివారం. కరెంటు సంగతి మా ఊళ్ళో చెప్పక్కర్లేదు, ఆ రోజు దాకా ఆరాధన వేళ పోకపోవడమే వింత. అప్పుడు పాడుతున్న పాట బాపుకు ప్రాణం లాంటిది. నేను తొట్టెలలో ఉన్నప్పుడు నన్ను ఊపుతూ పాడింది అదే.

"ఎండిన మా చేనుకు వాన నీవే తండ్రీ," అని అందించాడు. సంఘం అందుకుంది. వాళ్ళు రాగం తీస్తుండగా ఫ్యాన్లు నెమ్మదించాయి. టీవీ మధ్యలో ఒక చుక్క మిగిలి, అదీ ఆరిపోయింది.

నాకు బెంగేమీ కలగలేదు. పైగా మనసులో నవ్వుకున్నాను. ఇప్పుడు చూడండి మా బాపు తడాఖా, టీవీ లేకుండా ఎట్లా లాగుతాడో చూడండి అనుకున్నాను. సంఘం మొదటి ముక్క ముగించి ఆయన వైపు చూసింది. చిన్నాన్న చేతులు డోలక్ మీద ఆగాయి.

బాపు నల్లటి టీవీ వైపే చూస్తున్నాడు.

"అందియ్యి మైసా," అంది ముందు వరుస నుంచి భూమక్క.

ఆయన ఒక అడుగు టీవీ దగ్గరికి జరిగాడు. కండువాతో ముఖం తుడుచుకున్నాడు. నా వైపు వంగి, చిన్నగా అడిగాడు.

"తర్వాతదేంది బిడ్డా?"

నాకు ముందు కోపమే వచ్చింది. టీవీ మీద, సారు మీద, గులాబీల మీద, అందరికంటే ఎక్కువ ఆయన మీద. కానీ వందమంది నోళ్ళు తెరుచుకుని ఎదురుచూస్తున్నారు. ఎవరో ఒకరు అందించకపోతే వీళ్ళు సాయంత్రం దాకా అలాగే నిలబడతారని నాకు తెలుసు. నేను కూర్చున్న స్టూలు మీంచి లేచాను.

"ఎదురుచూచు కన్నులకు తోవ నీవే తండ్రీ," అన్నాను గట్టిగా.

మా చర్చిలో ఆడమనిషి పాట అందించడం అదే మొదలు. అబ్రాహాము సారు ఉలిక్కిపడి లేవబోయాడు. కానీ ముక్క పడింది కాబట్టి సంఘం పాడేసింది. తర్వాతి ముక్క అందించాను. రెండో చరణం చోట నా నోటికి మూడోదే వచ్చింది, చిన్నప్పటి నుంచి విన్నది అలాగే కదా. ఎవరూ తప్పు పట్టలేదు. బాపు నా పక్కనే తల వంచుకుని అందరితో కలిసి పాడాడు. ప్రతిసారీ నేను అందించేదాకా ఆగాడు, ఒక్కసారి కూడా ముందుకు ఉరకలేదు.

ఆఖరి చరణంలో కరెంటు వచ్చింది. ఫ్యాన్లు తిరిగాయి, కంప్యూటర్ కుయ్యిమంది, కాసేపటికి టీవీలో గులాబీలు పూశాయి. పాట దానంతటదే మొదటి నుంచి తెరుచుకుంది. అన్ని దిక్కుల నుంచీ అక్షరాలు ఎగురుకుంటూ వచ్చి, 'పాట అందించువారు: శ్రీ మైసన్న గారు' అని నిలిచాయి. సంఘమంతా పాడుతూ పాడుతూ ఆగి, తలలెత్తి దాన్ని చూసింది. బాపు కూడా చూశాడు. నేను చెయ్యి చాచి టీవీ కట్టేశాను.